‘మా గురించి’ పేజీలో నేను లేను

పద్నాలుగు నెలలుగా నాకు జవాబు లేదు.

ఫోన్ చేస్తే ఎత్తలేదు. మెసేజ్ పెడితే చదివింది, చదివినట్టు నా ఫోన్లో కనబడింది, తిరిగి ఒక్క ముక్క రాయలేదు. నరసరావుపేటలో ఆమె ప్రింటింగ్ షాపుకు ఏడుసార్లు వెళ్లాను. నాలుగుసార్లు షట్టర్ సగానికి దించి ఉంది, లోపల ప్రింటర్ ఆడుతున్న చప్పుడు వినబడుతోంది. మూడుసార్లు తెరిచే ఉంది. నన్ను చూడగానే ఆమె పెళ్లికార్డులకు వచ్చినవాళ్లతో మాటల్లో పడిపోయింది. అరగంట నిలబడ్డాను. కుర్చీ చూపించలేదు. రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం పంపాను. అందినట్టు సంతకం పెట్టిన కార్డు తిరిగొచ్చింది. సంతకం ఆమెదే. ఆ కార్డు నా దగ్గర భద్రంగా ఉంది.

నేనడిగేది చిన్న విషయం. మా మిరపనారు నర్సరీకి ఒక వెబ్‌సైట్ ఉంది. అది చేసిపెట్టింది ఈ షాపావిడే. అందులో ‘మా గురించి’ అని ఒక పేజీ. ఒకప్పుడు ఆ పేజీలో నేనున్నాను. ఒక బుధవారం మధ్యాహ్నం నా భార్య ఈ షాపులో కూర్చుని నన్ను అందులోంచి తీసేసింది. నా భార్య ఇప్పుడు లేదు. ఎందుకు తీసేసిందో తెలిసిన మనిషి ఈ షాపావిడ ఒక్కతే. ఆమె నాతో మాట్లాడదు.

అందుకని ఇది రాస్తున్నాను. ఎవరి పేరూ రాయను. చదివితే తన గురించేనని ఆమెకు తెలుస్తుంది.

మా నర్సరీ నరసరావుపేట నుంచి వినుకొండ వెళ్లే దారిలో ఉంది. నీడకు వల కప్పిన షేడ్‌నెట్‌లు మూడు. ప్లాస్టిక్ ట్రేలలో కొబ్బరిపొట్టు నింపి, గుంటకో గింజ వేసి, నలభై రోజులు పెంచి రైతులకిస్తాం. జూన్ నుంచి సెప్టెంబరు దాకా మా పనంతా ఫోన్ మీదే. బొల్లాపల్లి వైపు మెట్ట రైతులు మబ్బును చూసి ఫోన్ చేస్తారు. చినుకు పడితే నారు రేపే కావాలంటారు. ఎండ కాస్తే ఇంకో వారం ఉంచమంటారు. పొద్దున ఒకమాట, మధ్యాహ్నం ఒకమాట. నాకది పడదు. మాట మీద నిలబడనివాడితో ఎట్లా మాట్లాడాలో అట్లాగే మాట్లాడేవాణ్ని. నర్సరీ బోర్డు మీద నా నంబరు ఉన్న రోజుల్లో కొందరు ఒకసారి వచ్చి మళ్లీ రాలేదు. రాకపోతే పోయారనుకున్నాను. నా భార్య అట్లా అనుకోలేదు.

వెబ్‌సైట్ వచ్చిన రోజు నాకు బాగా గుర్తుంది. ఆమె పేట నుంచి బస్సు దిగి నేరుగా షేడ్‌నెట్ కిందికి వచ్చి ఫోన్ నా మొహం ముందు పెట్టింది.

“చూడు, మన నర్సరీ ఫోన్లో వస్తంది.”

“నంబరెవరిది?”

“నాదే.”

“నర్సరీ ఎవరిది?”

“మనదే. నీ నంబరు పెడితే రైతులు నారు కోసం మనకాడికి రారయ్యా, నీ మీద రిపోర్టిచ్చేదానికి స్టేషన్‌కాడికి పోతారు.”

ట్రేలు నింపుతున్న నలుగురు ఆడవాళ్లూ విన్నారు. ఒకామె మొహం కనబడకుండా ట్రే మీదికి వంగింది. భుజాలు ఊగుతున్నాయి. నేను ఫోన్‌ను చేత్తో పక్కకు నెట్టి మోటారు దగ్గరికి వెళ్లిపోయాను. ఆ వెబ్‌సైట్ నా కంటపడకూడదని ఆ రోజే నిర్ణయించుకున్నాను. మూడేళ్లు చూడలేదు. “ఇట్రా, ఇది చూడు, నీ గురించి రాశా” అని ఆమె రెండు మూడుసార్లు ఫోన్ పట్టుకుని వచ్చింది. మొహం తిప్పుకున్నాను. తర్వాత తేవడం మానేసింది. మానేసిందని అప్పుడు నేను గమనించలేదు. ఇప్పుడు గమనిస్తున్నాను.

పోయినేడు మార్చిలో, నారు పని లేని రోజుల్లో, మధ్యాహ్నం బట్టలు ఆరేస్తూ దండెం కింద కూలబడింది. తలలో నరం చిట్లిందన్నారు. గుంటూరు తీసుకుపోయాం. రెండోరోజుకు అయిపోయింది. ఆ రెండు రోజుల్లో కళ్లు తెరవలేదు, నాతో ఏమీ అనలేదు. అంతకుముందు ఆమె నాతో అన్న ఆఖరి మాట “సబ్బు తీసుకురా.” నేను తేలేదు. మర్చిపోయాననే చెప్పుకుంటున్నాను.

పెద్దకర్మకు ఫ్లెక్సీ వేయించాలి. ఊళ్లో అందరికీ వేయిస్తారు, ఫొటో, దండ, పుట్టిన రోజు, పోయిన రోజు. షాపావిడ తనే వేసుకుని, ఆటోలో తనే తెచ్చి షామియానా దగ్గర విప్పించింది. చూశాను. ఫొటోలో నా భార్య నవ్వుతోంది. పళ్లు కనబడేట్టు, తల కాస్త వెనక్కి వాలి, ఎవరో మంచి మాట అన్నప్పుడు నవ్వినట్టు నవ్వుతోంది. ఆ ఫొటో నేనెప్పుడూ చూడలేదు. ఆ నవ్వూ చూసి చానాళ్లయింది.

“కర్మ ఫ్లెక్సీలో నవ్వే ఫొటో ఏంది?” అన్నాను.

“అక్కది నా కాడ ఉన్న మంచి ఫొటో ఇదొక్కటే బావగారూ. వెబ్‌సైట్‌లోది. మీ కాడ ఇంకోటుంటే ఇవ్వండి, గంటలో మార్చి తెస్తా.”

నా దగ్గర లేదు. రేషన్ కార్డు ఫొటో తప్ప నా భార్య ఫొటో నా దగ్గర ఒక్కటీ లేదు. అది చెప్పలేక వేరే మాట అన్నాను. నీ వెబ్‌సైట్ వల్లే, పొద్దస్తమానం ఆ ఫోన్లు ఎత్తి ఎత్తి అది చచ్చిపోయింది, అన్నాను. ముప్పాళ్ల నుంచి వచ్చిన మా బావమరదులు విన్నారు. వంటవాళ్లు విన్నారు. షాపావిడ చేతిలో ఉన్న తాడును నెమ్మదిగా కింద పెట్టింది.

“ఇది అక్క కోసం చేశా. మీ కోసమైతే చేసేదాన్ని కాదు” అంది. అంతే, ఆటో ఎక్కింది. భోజనానికి ఉండలేదు. కర్మ రోజు వచ్చిన మనిషి తినకుండా పోవడం మా వైపు చిన్న విషయం కాదు. దాన్ని నేను అవమానంగానే రాసిపెట్టుకున్నాను.

నేనన్న మాట కూడా ఇక్కడ రాశాను కాబట్టి, దాచానని ఎవరూ అనొద్దు.

నా భార్య ఫోన్‌ను నేను ఆపలేదు. రీచార్జి చేస్తూ వచ్చాను. జూన్‌లో మొదటి వాన పడ్డాక అది మోగడం మొదలైంది.

“అక్కా, నారుందా?”

“అక్క లేదు.”

“ఎప్పుడొస్తది?”

ఈ ప్రశ్నకు రోజుకు ఏడెనిమిదిసార్లు జవాబు చెప్పాను. చెప్పాక అవతల ట్రాక్టరు చప్పుడో, కోడి అరుపో వినబడుతుంది. తర్వాత “అయ్యో” అని ఫోన్ పెట్టేస్తారు, నారు సంగతి అడగరు. పిడుగురాళ్లలో సున్నం బట్టీలకు లోడింగు పనికి వెళ్తూ రెండెకరాలు మిరప వేసుకునే ఒకతను వారం తర్వాత మళ్లీ ఫోన్ చేశాడు. మళ్లీ “అక్కా” అనే మొదలుపెట్టాడు.

“మొన్నే చెప్పాగా” అన్నాను.

“తెలుసన్నా. నంబరు చూడంగానే నోట్లోంచి అదే వచ్చింది.”

కొందరు నేను మాట్లాడకముందే చెప్పుకుపోయేవారు. “అక్కా, పోయినేడు నువ్వు చెప్పినట్టే చేశా, బతికింది అక్కా.” అంతా విని, ఆ తర్వాత చెప్పేవాణ్ని. నా ఇంట్లో జరిగిన చావును నేను రోజూ కొత్తగా చెప్పాల్సి రావడం న్యాయం కాదనిపించింది. వెబ్‌సైట్‌లో నంబరు మారిస్తే ఇది ఆగుతుంది. షాపావిడకు ఫోన్ చేశాను. ఏడుసార్లు వెళ్లానని చెప్పానే, అందులో మొదటి మూడుసార్లు ఇందుకే. అప్పుడు నేను వెళ్లింది నంబరు మార్చమని అడగడానికి, అంతకుమించి ఏమీ లేదు.

ఆమె మార్చలేదు. అందుకని నేనే మార్చాలనుకున్నాను. నాకు కంప్యూటర్ రాదు. ఫోన్లో వార్తలు చూడటం, కరెంటు ఆఫీసుకు ఫిర్యాదు పెట్టడం, అంతే వచ్చు. అయినా ఒక మధ్యాహ్నం అన్నం తిని, కళ్లజోడు తుడుచుకుని, నా భార్య ఫోన్ పట్టుకుని కూర్చున్నాను.

వెబ్‌సైట్ లోపలికి పోవాలంటే పాస్‌వర్డ్ అడిగింది. వంటింట్లో పాత క్యాలెండరు ఇంకా గోడకే ఉంది. గ్యాస్ బండ మార్చిన రోజు, పాలవాడు రాని రోజు ఆమె దాని మీదే రాసేది. దాని అట్ట వెనక వెతికితే దొరికింది. మిర్చి అనే మాట, దాని పక్కన మా పెళ్లయిన సంవత్సరం. అది కొట్టాను. ఆరంకెల ఓటీపీ పంపామంది. నా చేతిలో ఉన్న ఫోనే అడిగింది, ఆ ఫోనే చెప్పింది. అంకెలు వేశాను. తెల్లటి తెర మీద ‘తిరిగి స్వాగతం’ అని, దాని కింద నా భార్య పేరు.

ఇంట్లో ఎవరూ లేరు. ఫ్యాన్ తిరుగుతోంది. ఆ పేరు చూస్తూ కాసేపు అట్లాగే కూర్చున్నాను. నేను నేనని చెప్పడానికి అందులో ఎక్కడా చోటు లేదు. లోపలికి వచ్చింది ఆమే అని అది నమ్మింది.

నంబరు మార్చడానికి గంటన్నర పట్టింది. ఒకచోట మారిస్తే ఇంకోచోట పాతదే ఉంది. పైన ఒకటి, కింద ఒకటి, ఫోన్ బొమ్మ వెనకాల దాక్కుని ఒకటి. నంబరు కింద రెండు మాటలు రాద్దామని ‘మా’ అని మొదలుపెట్టాను. తర్వాత మాట ఏమై ఉంటుందో ఫోన్ తనే చూపిస్తుంది, వాడేవాళ్ల అలవాటును బట్టి. ‘ఆయనకి’ అని చూపించింది. వేలు తగిలింది, పడింది. దాని తర్వాత ‘చెప్పొద్దు’ అని చూపించింది.

మా ఆయనకి చెప్పొద్దు.

ఫోన్ మంచం మీద బోర్లా పెట్టాను. లేచి మంచినీళ్లు తాగి వచ్చాను. మళ్లీ ‘మా’ అని కొట్టాను. మళ్లీ అదే. ఎన్నిసార్లు రాసి ఉంటే ఆ ఫోన్ అంతగా నేర్చుకుని ఉంటుంది? ఎవరికి రాసింది? ఆ మెసేజ్‌లు వెతుకుదామనుకున్నాను. చేతులు రాలేదు.

అప్పుడు ఇంకో పని చేశాను. అది తప్పని ఇప్పుడు తెలుసు, అప్పుడు తెలియలేదు. వెబ్‌సైట్ తెరవగానే మొట్టమొదట కనబడేది ఆ నవ్వే ఫొటోనే. పోయిన మనిషి ఫొటోను దండ లేకుండా నలుగురిలో ఎట్లా ఉంచుతారు? మా ఇళ్లల్లో ఎవరూ ఉంచరు. గోడ మీద ఫ్రేమ్‌కు గంధపు దండ వేసి ఉంది, బొట్టు పెట్టి ఉంది. కర్మ తర్వాత వేరే ఫొటో లేక ఆ ఫ్లెక్సీ బొమ్మనే చిన్నగా చేయించి కట్టించాను. ఆ ఫ్రేమ్‌ను ఫోన్‌తో ఫొటో తీసి, పాత ఫొటో తీసేసి దీన్ని పెట్టాను. ‘అప్‌డేట్’ అని నొక్కాను. అయిందంది. నా అంతట నేనే చేశానని కొంచెం గర్వపడ్డాను కూడా.

తర్వాత పన్నెండు రోజులు ఏ ఫోనూ మోగలేదు. కొత్తగా పెట్టిన నా నంబరూ మోగలేదు, ఆమెదీ మోగలేదు. నారు ముదిరిపోతోంది. మబ్బు చూసుకుంటూ, రెండు ఫోన్లూ చెరో పక్కన పెట్టుకుని కూర్చునేవాణ్ని. రోజుకు ఎనిమిదిసార్లు మోగినప్పుడు విసుక్కున్న ఆ ఫోన్, మోగకపోతే ఎట్లా ఉంటుందో ఆ పన్నెండు రోజుల్లో తెలిసింది.

పదమూడో రోజు బొల్లాపల్లి నుంచి ఒక రైతు ఆమె నంబరుకే ఫోన్ చేశాడు. ఏటా నారు తీసుకునేవాడే. నన్ను బాబాయ్ అని, ఆమెను పిన్ని అని పిలుస్తాడు.

“బాబాయ్, ఒక మాటడుగుతా, కోప్పడొద్దు. ఆ దండేసిన ఫొటో ఎవురు పెట్టారు?”

“నేనే.”

“నువ్వే కదా? మా ఇంటిది అన్నం తింటం మానేసింది బాబాయ్.”

“ఎందుకు?”

“ఫొటో కింద చూసుకోలేదా? ‘అప్‌డేట్ చేసినవారు’ అని పిన్ని పేరుంది. నిన్నగాక మొన్నటి తారీఖుంది. పిన్ని పోయి మూడు నెల్లాయెగదా, దండేసుకున్న ఫొటో పిన్నే పెట్టుకుందా అని మా ఇంటిది వణికిపోతంది. అందులో ఇంకోటుంది. అద్దంలో పిన్ని మొహం మీద ఎవురో ఉన్నారంటంది.”

ఆ ఫోన్లోనే తెరిచి పెద్దది చేసి చూశాను. నిజమే. ఫ్రేమ్ అద్దంలో నేను పడ్డాను. ఫోన్ పట్టుకున్న రెండు చేతులు, వెనక తెల్లచొక్కా, తల ఉండాల్సిన చోట ఆమె నవ్వు. ఆ వెబ్‌సైట్‌లో నన్ను నేను చూసుకోవడం అదే మొదటిసారి.

“ఊళ్లో అందరూ నర్సరీ మూసేశారనుకుంటన్నారు” అన్నాడు. “దండేసి పెడితే ఏమనుకుంటారు మరి? షాపు మీద నల్లజెండా కట్టినట్టుంది. తీసెయ్ బాబాయ్. నవ్వేదే పెట్టు.”

పెట్టేయబోతున్నవాణ్ని ఆపి అడిగాను. “మీ పిన్ని నీకేమన్నా మెసేజ్‌లు పెట్టేదా? నాకు చెప్పొద్దని?”

“ఇప్పుడు చెప్తే ఏమైతదిలే. మొక్కలు చచ్చిపోయాయంటే రెండు ట్రేలు ఊరికే వేసేది. బాబాయ్‌కి చెప్పొద్దు, అరుస్తాడు అనేది. నా ఒక్కడికేనా ఏంది, ఈ పక్క అందరికీ అంతే. నువ్వు అరిచి పంపిస్తే, పిన్ని ఫోన్ చేసి మళ్లీ రమ్మనేది.”

ఆ సంగతి అట్లా తేలింది. తేలినందుకు నాకు తేలికగా అనిపించలేదు. నేను గట్టిగా ఉండబట్టే నర్సరీ నిలబడిందని ముప్పై ఊళ్లలో చెప్పుకుంటూ తిరిగాను.

పాత ఫొటోను మళ్లీ పెట్టాలి, ఎట్లాగో తెలియదు. ఆ మధ్యాహ్నమే మళ్లీ లోపలికి వెళ్లాను. మళ్లీ ఆమె పేరుతో స్వాగతం. కనబడిన ప్రతిదాన్నీ నొక్కుతూ పోయాను. ఒకచోట ‘పాత కాపీలు’ అని ఉంది. అది నొక్కాక అర్థమైంది. పేజీలో ఎవరైనా ఒక్క మాట మార్చినా, మారకముందు ఎట్లా ఉందో ఆ వెబ్‌సైట్ దాచిపెట్టుకుంటుంది, తారీఖు, టైముతో సహా. పైకి ఏమీ తెలియదు. వెనకాల అంతా ఉంటుంది. నవ్వే ఫొటో దొరికింది, పెట్టాను. ఆమె నంబరు కూడా తిరిగి పెట్టేశాను. అక్కడితో ఫోన్ పక్కన పెట్టి ఉంటే ఈ ఉత్తరం రాసే పని ఉండేది కాదు.

‘మా గురించి’ పేజీకి ఇప్పటిదానితో కలిపి పదకొండు కాపీలున్నాయి. కింది నుంచి మొదలుపెట్టాను.

మొదటిది ఇది: “ఈ నర్సరీ నేనూ మా ఆయనా పెట్టాము. ఆయన ముప్పై ఏళ్లు మిరప వేసిన మనిషి. వేరు చూసి మొక్క నిలబడుతుందో లేదో చెప్తాడు. కోపం ఎక్కువ, మీరు పట్టించుకోవద్దు. ఫోన్ నేనే ఎత్తుతాను.”

కోపం ఎక్కువని ఊరంతటికీ చెప్పిందా అని ఒళ్లు మండింది. రెండోది తెరిచాను. నాలుగు నెలల తర్వాతది. ‘కోపం ఎక్కువ’ తీసేసి ‘మాట కటువు’ అని మార్చింది. మూడో దాంట్లో అదీ లేదు, ‘మాట సూటిగా ఉంటుంది’ అని ఉంది. ఇంకోదాంట్లో “మిరపకు వైరస్ తెగులు వచ్చిన ఏడు ఆయన రెండు నెలలు షేడ్‌నెట్‌లోనే పడుకున్నాడు” అని చేర్చింది. అది నిజం. ఎవరికీ గుర్తులేదనుకున్నాను. ఏడో కాపీలో నా ఫొటో కూడా ఉంది. నేను ఫొటోకు నిలబడను కాబట్టి వెనక నుంచి తీసింది. ట్రే మీదికి వంగి ఉన్నాను, వీపు కనబడుతోంది. కింద “మా ఆయన” అని రాసింది.

నేను మొహం తిప్పుకుని ఉన్న ఆ రోజుల్లో ఆమె నా గురించి రాసిన మాటల్ని ఒక్కొక్కటిగా మెత్తగా చేసుకుంటూ వచ్చింది. నా కోసం కాదు, నేను చూడనని ఆమెకు తెలుసు.

పదో కాపీ దాకా ఉన్నాను. పదకొండో దాంట్లో లేను. ఫొటో లేదు, వైరస్ సంగతి లేదు, ముప్పై ఏళ్లు లేవు. “ఈ నర్సరీ నేను పెట్టాను. ఫోన్ నేనే ఎత్తుతాను.” రెండే వాక్యాలు. నా వీపు ఉన్న చోట ఆమె నవ్వుతున్న ఫొటో. వెనక గోడకు వరసగా పెళ్లికార్డులు తగిలించి ఉన్నాయి. అది షాపావిడ షాపు. ఫ్లెక్సీలో, వెబ్‌సైట్ మొదటి పేజీలో గోడ కత్తిరించేయడంతో నాకు తెలియలేదు. జూలై నెల, బుధవారం, మధ్యాహ్నం రెండు దాటి పది నిమిషాలు. ఆ తర్వాత మార్చి దాకా బతికే ఉంది. మళ్లీ నన్ను అందులో పెట్టలేదు.

నాకొక నోటుపుస్తకం ఉంది. ఎవరు ఏ రోజు నన్ను ఏమన్నారో, ఏ ఆఫీసులో ఎంతసేపు నిలబెట్టారో, ఎవరు పిలవాల్సిన పేరంటానికి పిలవలేదో అందులో రాస్తాను. నలభై ఏళ్ల అలవాటు. అది నవ్వుకునే విషయం కాదు, దాని వల్ల రెండు కేసులు గెలిచాను. ఆ బుధవారం తీశాను. ఉంది. “పొద్దున అన్నం పెట్టి మాట్లాడకుండా పేట పోయింది. రెండుసార్లు అడిగినా జవాబు చెప్పలేదు. సాయంత్రం దాకా రాలేదు. వచ్చాకా పలకలేదు.”

ఆమె నాకు చేసిందంతా ఉంది. నేనేం చేశానో లేదు. ముందు రోజు పేజీ చూశాను, తర్వాతి రోజు చూశాను. నలభై ఏళ్ల పుస్తకాలన్నీ ముందేసుకుని చూశాను. నేను ఎవరికి ఏం చేశానో ఒక్కచోట కూడా రాసుకోలేదు.

షేడ్‌నెట్‌లో పనిచేసే ఆడవాళ్లను అడిగాను. పోయిన జూలైలో ఒక బుధవారం పొద్దున ఏం జరిగిందో గుర్తుందా అని. వాళ్లు ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకున్నారు. అందరికన్నా పెద్దామె ట్రే దులుపుతూ అంది:

“రోజూ అరిచేవాడివి కదా పెదనాన్నా. అందులో ఆ బుధవారం ఏదని చెప్పేది?”

ఎవరూ నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండేది.

అప్పటి నుంచి నాకు ఆ పొద్దునే. గింజలు వేస్తున్నా అదే, బస్సులో కూర్చున్నా అదే. కరెంటు పోయిందని సబ్‌స్టేషన్‌కు వెళ్లింది ఆ రోజేనా? కూరలో ఉప్పెక్కువైందని కంచం నెట్టింది ఆ రోజా, వేరే రోజా? వాళ్ల అన్నను ఏదో అన్నాను, అది వానాకాలమే. ఫోన్ లాక్కున్నానా? చెయ్యెత్తానా? ఎత్తలేదు. ఎత్తలేదనే అనుకుంటున్నాను. ఒక్కోసారి వంటింట్లోంచి ఏదో చెప్పబోతున్నట్టు అనిపించి అటు తిరుగుతాను. గోడకు క్యాలెండరు ఉంటుంది. తన ఫోన్లో ‘మా’ అని కొట్టి ఊరికే చూస్తూ కూర్చుంటాను, ఈసారి వేరే మాటేమైనా వస్తుందేమోనని. రాదు.

పదో కాపీ కింద ఒక మీట ఉంది. ‘ఈ కాపీని మళ్లీ పెట్టండి’ అని. అది ఒక్కసారి నొక్కితే నేను తిరిగి వచ్చేస్తాను. నా వీపు, నా ముప్పై ఏళ్లు, ‘మా ఆయన’ అన్న మాట, అన్నీ వస్తాయి. ఎన్నోసార్లు దాని మీదికి వేలు తీసుకెళ్లాను. నొక్కలేదు. నొక్కితే కింద పడేది నా పేరు కాదు. ఈ రోజు తారీఖుతో, ఆమె పేరుతో పడుతుంది. నన్ను ఆమే మళ్లీ పిలిచి పెట్టుకున్నట్టు ఉంటుంది. పోయిన మనిషి చేతిని పట్టుకుని నన్ను నేను క్షమించినట్టు సంతకం చేయించుకోవడం అది. నేను మొండివాణ్నే గాని దొంగను కాను. నన్ను ఎందుకు తీసేసిందో తెలిస్తే, అది నేను సరిదిద్దుకోదగ్గదైతే, అప్పుడు నొక్కుతాను. కాకపోతే ఆ రెండు వాక్యాలూ అట్లాగే ఉంటాయి, నర్సరీ ఉన్నంతకాలం. కాని ముందు తెలియాలి.

అమ్మాయ్, ఇక నీతోనే మాట్లాడుతున్నాను. ఫ్లెక్సీ దగ్గర నేనన్న మాట తప్పు. నీ వల్ల ఆమె పోలేదు. నీ షాపులో కూర్చున్న ఆ కాసేపైనా ఆమె ఎట్లా ఉందో ఆ ఫొటోలో ఉంది. అది తీసింది నువ్వు. ఇది రాతపూర్వకంగా ఇస్తున్నాను, ఎవరికైనా చూపించుకో. నాతో మాట్లాడటం ఇష్టం లేకపోతే మాట్లాడొద్దు, కాగితం మీద రాసి బస్సులో పంపించు. నువ్వు నన్ను ఏమన్నా పడతాను, రాసిపెట్టుకోను.

ఆ మధ్యాహ్నం నా భార్య నన్ను చెరిపేస్తుంటే నువ్వు పక్కనే ఉన్నావు. ఎందుకక్కా అని అడగకుండా ఉండవు. అడిగితే ఆమె ఏదో ఒకటి చెప్పకుండా ఉండదు. నన్ను కాపాడే మాట వద్దు, సర్దిచెప్పే మాట వద్దు. ఆ పొద్దున నేను ఆమెను ఏం చేశాను? ఆమె నీకు ఏ మాటల్లో చెప్పిందో ఆ మాటల్లోనే నాకు జవాబు చెప్పు.